అమెరికా రాష్ట్రాల అటార్నీ జనరల్: ప్రభుత్వ వకీలా, కాబోయే గవర్నరా?

2025 జనవరి 20న ట్రంప్ రెండోసారి అధ్యక్షుడిగా ప్రమాణం చేసిన రోజే సంతకం పెట్టిన ఉత్తర్వుల్లో ఒకటి అమెరికాలోని చాలా తెలుగు ఇళ్లలో నిద్ర లేకుండా చేసింది. తల్లి హెచ్-1బీ, హెచ్-4, ఎఫ్-1 లాంటి తాత్కాలిక వీసా మీద ఉండి, తండ్రికి పౌరసత్వమో గ్రీన్ కార్డో లేకపోతే, ఆ బిడ్డ అమెరికా గడ్డ మీద పుట్టినా అమెరికా పౌరసత్వం రాదన్నది దాని సారాంశం. 30 రోజుల తర్వాత పుట్టే పిల్లల నుంచి అమలు. గ్రీన్ కార్డు వరుసలో ఏళ్ల తరబడి నిలబడి ఉన్నవాళ్లకి, అందులోనూ నెలలు నిండుతున్నవాళ్లకి, పుట్టబోయే బిడ్డది ఏ దేశం అనే ప్రశ్న ఒక్కసారిగా ఇంట్లోకి వచ్చి కూర్చుంది.

మూడు రోజులు గడిచాయి. జనవరి 23న సియాటిల్‌లో ఒక ఫెడరల్ జడ్జి, అదీ రిపబ్లికన్ అధ్యక్షుడు రీగన్ హయాంలో నియమితుడైన పెద్దాయన, ఈ ఉత్తర్వు కళ్లకు కనబడేంత స్పష్టంగా రాజ్యాంగ విరుద్ధమని చెప్పి ఆపేశారు. మనవాళ్లు ఊపిరి పీల్చుకున్నారు. ఆ కేసు వేసిందెవరన్నది మాత్రం చాలామంది పట్టించుకోలేదు. వేసింది వాషింగ్టన్ రాష్ట్ర అటార్నీ జనరల్, అంటే ఆ రాష్ట్రానికి ప్రధాన న్యాయవాది, నిక్ బ్రౌన్, ఆయనకు తోడుగా అరిజోనా, ఇల్లినాయ్, ఆరెగన్ అటార్నీ జనరళ్లు. బ్రౌన్ పదవిలోకి వచ్చింది జనవరి 15న, కేసు వేసింది 21న. కుర్చీలో కూర్చుని వారం కూడా తిరగకుండానే కేసు వేసిన మనిషి అధ్యక్షుడి ఉత్తర్వును దేశమంతటా ఆపించగలిగారంటే ఆ పదవి ఏమిటి, దానికి అంత బలం ఎక్కడిది, అక్కడ కూర్చున్నవాళ్లు తర్వాత ఎక్కడికి వెళ్తారు అన్నది తెలుసుకోవాల్సిన విషయమే అనిపించి ఇది రాస్తున్నాను.

ముందు ఒక చిక్కు విప్పుకోవాలి. అటార్నీ జనరల్‌ని క్లుప్తంగా 'ఏజీ' అంటారు, మన దగ్గరా ఆ మాట వినిపిస్తుంది. ఆంధ్రప్రదేశ్‌కి, తెలంగాణకి చెరొక అడ్వొకేట్ జనరల్ ఉంటారు, రాజ్యాంగం 165వ అధికరణ ప్రకారం గవర్నర్ నియమిస్తారు, అంటే ఆచరణలో ప్రభుత్వంలో ఉన్నవాళ్లు ఎంచుకున్న సీనియర్ లాయరు. ప్రభుత్వం మారితే ఆయన రాజీనామా చేయడం, కొత్తవారు రావడం మనకు మామూలే. ఆయన ప్రభుత్వం తరఫున హైకోర్టులో వాదిస్తారు, న్యాయ సలహా ఇస్తారు. ముఖ్యమంత్రి వద్దన్న కేసును సొంత నిర్ణయంతో వేయడమనేది ఆ పదవిలో ఊహకే రాదు. అక్కడి నుంచి ముఖ్యమంత్రి కుర్చీకి దారి ఉందని కూడా ఎవరూ అనుకోరు.

అమెరికాలో లెక్క వేరు. అక్కడ గవర్నర్ అంటే మన ముఖ్యమంత్రిలా రాష్ట్రాన్ని నడిపే, జనం ఎన్నుకున్న మనిషి. 50 రాష్ట్రాల్లో 43 చోట్ల ఏజీని జనమే ఓటేసి ఎన్నుకుంటారు. అలాస్కా, హవాయి, న్యూ హాంప్‌షైర్, న్యూజెర్సీ, వ్యోమింగ్‌లలో గవర్నర్ నియమిస్తారు, మెయిన్‌లో శాసనసభ, టెనెసీలో రాష్ట్ర సుప్రీంకోర్టు ఎంపిక చేస్తాయి. (దేశానికంతా ఒక అటార్నీ జనరల్ ఉంటారు, అధ్యక్షుడి మంత్రివర్గంలో. ఆ పదవి వేరు, ఇది వేరు. పేరు ఒకటే కావడంతో వార్తల్లో చాలాసార్లు కలిసిపోతుంది.) జనం ఎన్నుకున్నాక ఆయన గవర్నర్‌కి జవాబు చెప్పాల్సిన పనిలేదు. గవర్నర్ ఒక పార్టీ, ఏజీ ఇంకో పార్టీ కావచ్చు. అలాంటప్పుడు ప్రభుత్వ వకీలుకు అసలు కక్షిదారు ఎవరు? గవర్నరా, రాష్ట్ర ప్రభుత్వ శాఖలా, రాష్ట్రంలోని జనమా? ఈ ప్రశ్నకు అమెరికా కోర్టుల్లో గట్టి పోరాటాలే జరిగాయి, వాటిలో నాకు ఎప్పటికీ గుర్తుండేది మిసిసిపీ కథ.

మైక్ మూర్ 1988 నుంచి 2004 వరకు మిసిసిపీ ఏజీ. అప్పటిదాకా సిగరెట్ కంపెనీల మీద జబ్బుపడ్డవాళ్లు వేసిన కేసులు దశాబ్దాలుగా ఓడిపోతూనే ఉన్నాయి. కంపెనీల వాదన సులభం: తాగింది నువ్వు, తాగమని మేం బలవంతపెట్టామా? జ్యూరీలు ఒప్పుకునేవి. లా కాలేజీలో కలిసి చదువుకున్న ఒక లాయరు మిత్రుడు మూర్ దగ్గరికి ఒక ఆలోచనతో వచ్చాడు. పొగ తాగేవాడి తరఫున కాకుండా రాష్ట్రం తరఫున కేసు వేస్తే? పేదల వైద్యానికి మెడికెయిడ్ పథకం కింద రాష్ట్రం డబ్బు కడుతోంది, ఆ డబ్బు పన్ను కట్టేవాళ్లది, రాష్ట్రం ఎన్నడూ ఒక్క సిగరెట్టూ తాగలేదు. 'నువ్వే తాగావు కదా' అనే జవాబు ఇక్కడ పనిచేయదు. 1994 మే నెలలో మూర్ కేసు వేశారు, దేశంలో అలాంటిది అదే మొదటిది. చిన్న రాష్ట్రం, పేద రాష్ట్రం, ఎదురుగా దేశంలోకెల్లా డబ్బున్న లాయర్లు.

ఆయన్ని అడ్డుకోవడానికి కోర్టుకెక్కినవాళ్లలో ఆయన సొంత రాష్ట్ర గవర్నరే ఉన్నారు. కర్క్ ఫోర్డైస్, రిపబ్లికన్. మెడికెయిడ్ శాఖ నా చేతి కింద ఉంటుంది, నా అనుమతి లేకుండా ఆ శాఖ పేరు మీద ఏజీ కేసు ఎలా వేస్తాడని ఆయన రాష్ట్ర సుప్రీంకోర్టుకు వెళ్లారు. 1997లో కోర్టు ఆ పిటిషన్ కొట్టేసింది. ఈ లోపు మిగతా రాష్ట్రాలు ఒక్కొక్కటే మూర్ వెనక వచ్చి చేరాయి. మిసిసిపీ, ఫ్లోరిడా, టెక్సస్, మిన్నెసోటా విడివిడిగా కంపెనీలతో రాజీ చేసుకున్నాయి. మిగిలిన 46 రాష్ట్రాలు కలిసి 1998 నవంబర్ 23న చేసుకున్న ఒప్పందం ప్రకారం కంపెనీలు మొదటి 25 ఏళ్లలో సుమారు 206 బిలియన్ డాలర్లు కట్టాలి. రోడ్ల పక్కన సిగరెట్ హోర్డింగులు పోయాయి, పిల్లల్ని ఆకట్టుకునే కార్టూన్ బొమ్మల ప్రకటనలు పోయాయి, కంపెనీలు దాచుకున్న లోపలి కాగితాలు బయటపడ్డాయి. ఏ చట్టసభా చేయలేని పని ఏజీలు చేశారు.

ఆ కేసులో పండిన బలమే నేటికీ ఈ పదవికి పునాది. చట్టం భాషలో దీనికి 'పేరెన్స్ పేట్రియే' అని ఒక పాత లాటిన్ మాట ఉంది, తన ప్రజలకు రాష్ట్రమే తల్లిదండ్రుల స్థానంలో నిలబడుతుందని అర్థం. దాని పక్కన వినియోగదారుల రక్షణ చట్టాలు ఉన్నాయి, మోసపూరితమైన వ్యాపారం ఏదైనా సరే ఏజీ కేసు వేయొచ్చు, జరిమానా అడగొచ్చు. మూడోది కేంద్రం మీద కేసు. 2007లో కేంద్ర ప్రభుత్వ పర్యావరణ సంస్థ మీద మసాచుసెట్స్ రాష్ట్రం వేసిన కేసులో అమెరికా సుప్రీంకోర్టు 5-4 తేడాతో, కోర్టు తలుపు తట్టేటప్పుడు రాష్ట్రాలకు మామూలు వ్యక్తుల కంటే కాస్త ప్రత్యేక గౌరవం ఉందని చెప్పింది. ఆ తీర్పు తర్వాత అధ్యక్షుడు ఏ పార్టీవాడైతే అవతలి పార్టీ ఏజీలు గుంపుగా కోర్టుకు వెళ్లడం మామూలైపోయింది. ఒబామా వలస విధానం మీద టెక్సస్ నాయకత్వంలో 26 రాష్ట్రాలు వెళ్లాయి, ట్రంప్ మొదటి దఫాలో ఒక్క కాలిఫోర్నియానే వందకు పైగా కేసులు వేసింది.

ఇక వాళ్ల కెరీర్ సంగతికొద్దాం. అమెరికా రాజకీయాల్లో ఒక పాత చతురోక్తి ఉంది, ఏజీ అంటే 'ఆస్పైరింగ్ గవర్నర్' అని, అంటే గవర్నర్ కుర్చీ మీద కన్నేసినవాడని. చూస్తే చాలావరకు నిజమే. బిల్ క్లింటన్ 1977లో ఆర్కన్సా ఏజీ అయ్యారు, రెండేళ్లకు 32 ఏళ్ల వయసులో గవర్నర్. నార్త్ కెరొలినాలో రాయ్ కూపర్ 16 ఏళ్లు ఏజీగా ఉండి గవర్నర్ అయ్యారు, ఆయన వెనకే ఏజీ అయిన జాష్ స్టైన్ 2025లో ఆయన కుర్చీలోకే వచ్చారు. పెన్సిల్వేనియాలో జాష్ షపీరో, మసాచుసెట్స్‌లో మారా హీలీ 2023 జనవరిలో ఇలాగే గవర్నర్లయ్యారు. కాలిఫోర్నియాలో జెర్రీ బ్రౌన్ తిరగేసి నడిచారు: ముందు గవర్నర్, చాలా ఏళ్ల తర్వాత ఏజీ, మళ్లీ గవర్నర్.

ఎందుకు ఈ కుర్చీనే? గవర్నర్ కాకుండా రాష్ట్రం మొత్తం ఓటేసే పదవులు కొన్నే, వాటిలో చాలావాటికి చేతిలో ఆయుధం లేదు. గవర్నర్ అన్నాక బడ్జెట్ కోయాలి, పన్ను వేయాలి, రోడ్డు బాగులేకపోతే తిట్లు తినాలి. ఏజీకి ఆ బాధ లేదు, తన శత్రువును తనే ఎంచుకుంటాడు. మందుల కంపెనీ, బ్యాంకు, ఫోన్ కంపెనీ, అవతలి పార్టీ అధ్యక్షుడు, ఎవరి మీద కేసు వేసినా మరుసటి రోజు పేపర్లో పేరు వస్తుంది, ఓడిపోయినా 'మీ కోసం పోరాడాను' అనే మాట మిగులుతుంది. శాసనసభ ఒప్పుకోవాల్సిన అవసరం లేదు. గెలిచిన డబ్బు జనానికి పంచే అవకాశం కూడా ఒక్కోసారి చేతికొస్తుంది.

దీన్ని ఒకే రాష్ట్రంలో పెట్టి చూస్తే బాగా అర్థమవుతుంది, అందుకు మన కథ మొదలైన వాషింగ్టన్ రాష్ట్రమే సరైనది. సియాటిల్, రెడ్మండ్, బెల్‌వ్యూ చుట్టుపక్కల ఉన్న తెలుగు ఉద్యోగులకు ఈ పేర్లు కొత్తేమీ కావు. క్రిస్టీన్ గ్రెగ్వార్ 1993లో ఆ రాష్ట్రానికి తొలి మహిళా ఏజీ. 1998 పొగాకు చర్చల్లో రాష్ట్రాల బృందానికి ముందుండి నడిపించింది ఆమే, ఆ పేరుతోనే 2004లో గవర్నర్ ఎన్నికలో నిలబడ్డారు. మొదటి లెక్కింపులో 261 ఓట్లతో వెనకబడ్డారు, యంత్రాలతో మళ్లీ లెక్కిస్తే 42, చేత్తో లెక్కిస్తే చివరికి 129 ఓట్లతో గెలిచారు. ఎనిమిదేళ్లు గవర్నర్.

ఆమె తర్వాత ఏజీ అయిన రాబ్ మెకెన్నా రిపబ్లికన్, డెమొక్రాట్ల వైపు మొగ్గే రాష్ట్రంలో రెండుసార్లు గెలిచిన మనిషి. 2010లో ఒబామా ఆరోగ్య బీమా చట్టం మీద ఫ్లోరిడా మొదలుపెట్టిన కేసులో చేరారు. పార్టీవాళ్లు మెచ్చుకున్నారు, రాష్ట్రంలో మాత్రం గ్రెగ్వార్ నుంచి మామూలు ఓటర్ల దాకా తప్పుపట్టారు. 2012లో గవర్నర్ పదవికి నిలబడి ఓడిపోయారు. ఓటమికి అదొక్కటే కారణమని చెప్పలేం గానీ, రెండేళ్లపాటు ప్రత్యర్థులు ఆ కేసును జనానికి గుర్తుచేస్తూనే ఉన్నారు. ఒక సంతకం అంత ఖరీదు చేస్తుంది ఈ పదవిలో.

తర్వాత బాబ్ ఫెర్గూసన్. యవ్వనంలో రాష్ట్ర చదరంగం ఛాంపియన్, ఆ సంగతి ఆయన గురించి రాసినవాళ్లెవరూ వదలరు. 2017 జనవరి 27న ట్రంప్ కొన్ని ముస్లిం దేశాలవారి రాకను నిషేధించారు, అది శుక్రవారం. సోమవారానికల్లా ఫెర్గూసన్ కేసు వేశారు, ఫిబ్రవరి 3న సియాటిల్ జడ్జి నిషేధాన్ని దేశమంతటా ఆపేశారు. ఆ కేసులో రాష్ట్రానికి జరిగిన నష్టం ఏమిటని చూపించడానికి ఆయన వాడిన ఆధారాలు గమనించాలి: ప్రభుత్వ యూనివర్సిటీల్లో చదివే, పాఠాలు చెప్పేవాళ్లు విదేశాల్లో చిక్కుకుపోయారు, అమెజాన్, ఎక్స్‌పీడియా లాంటి స్థానిక కంపెనీలు తమ ఉద్యోగులకు జరిగిన ఇబ్బందిని ప్రమాణపత్రాల్లో రాసిచ్చాయి. 'ఇది అన్యాయం' అంటే కోర్టు వినదు, 'దీనివల్ల మా రాష్ట్రానికి ఇంత నష్టం' అని చూపించాలి. 2025 పౌరసత్వం కేసులోనూ అదే పద్ధతి. పుట్టిన బిడ్డకు పౌరసత్వం లేకపోతే పిల్లల వైద్య పథకాలకు కేంద్రం నుంచి రాష్ట్రానికి వచ్చే డబ్బు తగ్గుతుంది, ఆ ఖర్చు మా మీద పడుతుంది అని వాదించారు. ఒక తల్లి కన్నీళ్లు కోర్టులో ఒక లెక్కల కాగితంగా మారాలి, అలా మార్చగలిగిన లాయర్లు ఏజీ ఆఫీసులో ఉంటారు.

ఫెర్గూసన్ 12 ఏళ్లు ఏజీగా ఉన్నారు. కోడిమాంసం, ట్యూనా చేపల కంపెనీలు కుమ్మక్కై ధరలు పెంచాయని కేసులు వేసి, వసూలైన డబ్బులోంచి 2023 చివర్లో ఆదాయం తక్కువున్న సుమారు 4 లక్షల కుటుంబాలకు 50 లేదా 120 డాలర్ల చెక్కులు పంపించారు. మరుసటి ఏడాది గవర్నర్ ఎన్నిక, అభ్యర్థి ఆయనే. చెక్కులు అందుకున్నవాళ్ల డబ్బు వాళ్లకే తిరిగొచ్చింది, అందులో తప్పేం లేదు. కానీ మంచి పనికీ ప్రచారానికీ మధ్య గీత ఈ ఆఫీసులో ఎంత సన్నగా ఉంటుందో ఆ చెక్కును చూస్తే తెలుస్తుంది. 2025 జనవరి 15న ఆయన గవర్నర్, అదే రోజు బ్రౌన్ ఏజీ.

అవతలి పార్టీకి, అంటే రిపబ్లికన్లకు, వాషింగ్టన్ లాంటిది టెక్సస్. జాన్ కార్నిన్ ఏజీగా ఉండి 2002లో సెనేటర్ అయ్యారు. తర్వాతి ఏజీ గ్రెగ్ ఆబట్ 12 ఏళ్లు చేసి 2015లో గవర్నర్ అయ్యారు. 'పొద్దున ఆఫీసుకెళ్తాను, ఫెడరల్ ప్రభుత్వం మీద కేసు వేస్తాను, ఇంటికొస్తాను' అని తన ఉద్యోగం గురించి ఆయన చెప్పుకున్న మాట ఈ పదవి ఎలా మారిందో చెప్పడానికి ఇప్పటికీ అందరూ ఎత్తి చూపుతారు. ఆయన తర్వాత కెన్ ప్యాక్స్‌టన్. పదవిలోకి వచ్చిన ఏడాదే సెక్యూరిటీల (షేర్ల లాంటి పెట్టుబడుల) మోసం అభియోగాలు పడ్డాయి, ఆ కేసు తొమ్మిదేళ్లు సాగి 2024లో ఒప్పందంతో ముగిసింది. 2020 డిసెంబర్‌లో నాలుగు ఇతర రాష్ట్రాల ఎన్నికల ఫలితాలు చెల్లవంటూ సుప్రీంకోర్టుకు వెళ్లారు, కోర్టు వినడానికే ఒప్పుకోలేదు. సొంత ఆఫీసులోని పెద్ద అధికారులే ఆయన మీద ఎఫ్‌బీఐకి ఫిర్యాదు చేశారు, 2023 మేలో సొంత పార్టీ మెజారిటీ ఉన్న టెక్సస్ ప్రతినిధుల సభే 121-23 ఓట్లతో అభిశంసించింది, సెప్టెంబర్‌లో రాష్ట్ర సెనేట్ నిర్దోషిగా వదిలింది. ఇంత జరిగినా మధ్యలో రెండుసార్లు ఎన్నికల్లో గెలిచారు, 2025 ఏప్రిల్‌లో కార్నిన్ సీటుకే పోటీ ప్రకటించారు. డాలస్, హ్యూస్టన్, ఆస్టిన్ చుట్టూ అంతమంది తెలుగువాళ్లం ఉన్నాం, ఈ కథ మనలో ఎంతమందికి తెలుసు?

మిజోరిలో ఇంకో రకం. జాష్ హాలీ 2016లో ఏజీ పదవికి పోటీ చేసినప్పుడు ఒక టీవీ ప్రకటన వేశారు, అందులో సూట్లు వేసుకున్న మనుషులు నిచ్చెనలు ఎక్కుతుంటారు, ఒక పదవిలోంచి ఇంకో పదవికి ఎగబాకే రాజకీయ నాయకుల్లా నేను కాను అన్నది సందేశం. గెలిచి 2017 జనవరిలో ఏజీ అయ్యారు, ఆ ఏడాదే సెనేట్‌కు పోటీ ప్రకటించారు, 2019 జనవరికల్లా సెనేటర్. ఆయన స్థానంలో వచ్చిన ఎరిక్ ష్మిట్ కూడా 2023లో సెనేట్‌కే వెళ్లారు.

నిచ్చెన ఎక్కడాన్ని నేను తప్పుపట్టను. పైకి వెళ్లాలనుకునేవాడు జనం మెప్పు కోసమైనా గట్టిగా పనిచేస్తాడు. నన్ను కలవరపెట్టేది వేయని కేసు. వేసిన కేసు అందరికీ కనిపిస్తుంది, ఓడితే తిడతాం, గెలిస్తే మెచ్చుకుంటాం. ఏజీ తన డెస్కు మీదే పక్కన పెట్టేసిన ఫైలు ఎవరికీ కనబడదు, దానికి లెక్క అడిగేవాడు ఉండడు. కమలా హారిస్ కాలిఫోర్నియా ఏజీగా ఉన్నప్పటి రెండు సంగతులు పక్కపక్కన పెట్టి చూడండి. ఇళ్ల అప్పుల సంక్షోభం తర్వాత ఐదు పెద్ద బ్యాంకులతో రాష్ట్రాలన్నీ రాజీకి కూర్చుంటే, మా జనానికి ఇది చాలదని 2011 సెప్టెంబర్‌లో ఆమె చర్చల్లోంచి లేచి వచ్చేశారు. పెద్ద ధైర్యమే. 2012 ఫిబ్రవరిలో 49 రాష్ట్రాలతో 25 బిలియన్ డాలర్ల ఒప్పందం కుదిరేసరికి కాలిఫోర్నియా వాటా మొదట చెప్పినదానికి ఎన్నో రెట్లయింది. (చేరని ఒక్క రాష్ట్రం ఓక్లహోమా, అక్కడి ఏజీ స్కాట్ ప్రూయిట్.) కానీ 2013లో వన్‌వెస్ట్ అనే ఇంకో బ్యాంకు మీద కేసు వేయాలని ఆమె సిబ్బందే మెమో రాసినా కేసు పడలేదు. ఆధారాలు ఎటు తీసుకెళ్తే అటు వెళ్లామని ఆమె తర్వాత జవాబిచ్చారు. మొదటిది ఆమె ప్రతి ఎన్నిక ప్రచారంలోనూ ఉంది. రెండోది మెమో బయటికి లీకయ్యాకే జనానికి తెలిసింది.

ప్రూయిట్ కథ ఇంకా స్పష్టం. ఓక్లహోమాలో ఆయన తన ఆఫీసులోని పర్యావరణ విభాగాన్ని మూసేసి, కేంద్రంతో పోరాడే విభాగం పెట్టారు. ఒక చమురు, గ్యాస్ కంపెనీ లాయర్లు రాసిచ్చిన ఉత్తరాన్ని దాదాపు యథాతథంగా తన లెటర్‌హెడ్ మీద పర్యావరణ సంస్థకు పంపినట్టు 2014లో న్యూయార్క్ టైమ్స్ బయటపెట్టింది. 2017లో ఆయన్ని అదే పర్యావరణ సంస్థకు అధిపతిని చేశారు. రెండు పార్టీలకూ ఏజీల ఎన్నికల కోసమే సంఘాలున్నాయి, రిపబ్లికన్లది 1999లో, డెమొక్రాట్లది 2002లో పుట్టింది, వాటికి కంపెనీలు విరాళాలిస్తాయి, రేపు ఆ ఏజీల చేతిలో కేసు ఎదుర్కోవాల్సినవీ వాటిలో ఉండొచ్చు.

ఇదే కుర్చీలోంచి ఎంత గొప్ప పని చేయవచ్చో చెప్పే కథ 1963 నాటిది. లాయరు పెట్టుకునే స్తోమత లేని ముద్దాయికి ప్రభుత్వమే లాయరును ఇవ్వాలా అనే గిడియన్ కేసు సుప్రీంకోర్టులో నడుస్తోంది. మా తరఫున నిలబడండి, ఇది రాష్ట్రాల హక్కు అని ఫ్లోరిడా ఏజీ ఆఫీసు మిగతా రాష్ట్రాల ఏజీలకు ఉత్తరాలు రాసింది. మిన్నెసోటా ఏజీ వాల్టర్ మాండేల్‌కి అప్పటికి 35 ఏళ్లు కూడా నిండలేదు. ఆయన సరేననడానికి బదులు, గిడియన్ అనే ఆ ఖైదీ వైపే వాదన రాయించి, 22 రాష్ట్రాల చేత సంతకాలు పెట్టించారు. ప్రాసిక్యూటర్ల పక్షమే ముద్దాయికి లాయరు కావాలని అడగడంతో కోర్టు పని తేలికైంది, తీర్పు ఏకగ్రీవం. మాండేల్ తర్వాత ఉపాధ్యక్షుడయ్యారు, 1984లో అధ్యక్ష పదవికి పోటీచేసి ఓడిపోయారు. దీనికి పూర్తిగా అవతలి వైపు ఎర్ల్ వారెన్. 1942లో కాలిఫోర్నియా ఏజీగా జపాన్ మూలాలున్నవారిని తీరం నుంచి ఖాళీ చేయించాలని గట్టిగా వాదించారు, లక్షకు పైగా మనుషుల్ని శిబిరాల్లో పెట్టారు, ఆ ఏడాదే ఆయన గవర్నర్‌గా గెలిచారు. ఆ మనిషే సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయి 1954లో బడుల్లో వర్ణ వివక్షను కొట్టేసిన తీర్పు రాశారు, చివరి రోజుల్లో 1942 పని గురించి పశ్చాత్తాపం రాసుకున్నారు.

న్యూయార్క్‌ది వేరే గ్రంథమే రాయాలి, క్లుప్తంగా చెప్తాను. ఎలియట్ స్పిట్జర్ 1921 నాటి ఒక పాత చట్టాన్ని బయటికి తీసి, లోపల ఈమెయిల్స్‌లో చెత్త అని తిట్టుకున్న షేర్లనే జనానికి కొనమని చెప్పిన వాల్‌స్ట్రీట్ సంస్థల్ని లొంగదీశారు, గవర్నర్ అయ్యారు, ఏడాది దాటగానే 2008లో వ్యభిచార కుంభకోణంలో రాజీనామా చేశారు. ఆండ్రూ క్వోమో ఏజీ నుంచి గవర్నర్ అయ్యారు, 2021 ఆగస్టులో లైంగిక వేధింపుల మీద ఏజీ లెటీషియా జేమ్స్ ఆఫీసు నివేదిక రావడంతో దిగిపోయారు, ఆరోపణలు ఒప్పుకోలేదు. అక్టోబర్‌లో జేమ్స్ తానే గవర్నర్ పదవికి పోటీ అన్నారు, డిసెంబర్‌లో విరమించుకున్నారు. నివేదికలో 11 మంది మహిళల మాటలున్నాయి, వాటి బరువు వాటిదే. కానీ ఆమె ఆ ఆరు వారాలు పోటీలో ఉండటం 'ఇదంతా రాజకీయం' అనేవాళ్లకు మాట అందించింది. నా ఉద్దేశంలో ఆ ప్రకటన చేయకుండా ఉండాల్సింది. టెక్సస్ తరఫున పొగాకు ఒప్పందం సాధించిన డాన్ మొరాలెస్ అయితే ఆ కేసు లాయరు ఫీజుల విషయంలో చేసిన మోసానికి 2003లో జైలుకు వెళ్లారు.

మరి వీటన్నిటికీ దారి చూపించిన మైక్ మూర్ ఏమయ్యారు? గవర్నర్ పదవికి పోటీ కూడా చేయలేదు. 16 ఏళ్లు ఏజీగా ఉండి దిగి, ప్రైవేటు లాయరుగా ఓపియాయిడ్ మందుల (వ్యసనంగా మారే నల్లమందు తరహా నొప్పి మందుల) కంపెనీల మీద కేసుల్లో మళ్లీ రాష్ట్రాల పక్కన నిలబడ్డారు. పొగాకు డబ్బును చాలా రాష్ట్రాలు రోడ్లకు, బడ్జెట్ లోటుకు మళ్లించేశాయి, పొగ మానిపించే కార్యక్రమాలకు వెళ్లింది తక్కువ. ఒప్పందంలో ఎలా ఖర్చు పెట్టాలో రాయకపోవడమే లోపం. ఆ పాఠం నేర్చుకుని, 2022లో పంపిణీదారులతో, జాన్సన్ అండ్ జాన్సన్‌తో కుదిరిన సుమారు 26 బిలియన్ డాలర్ల ఓపియాయిడ్ ఒప్పందంలో ఎక్కువ భాగం వ్యసనం చికిత్సకు, నివారణకే వాడాలని ముందే రాశారు.

తిరిగి మన దగ్గరికి. 2020 జులైలో క్లాసులన్నీ ఆన్‌లైన్‌లో ఉంటే విదేశీ విద్యార్థులు దేశం వదలాలని నియమం వచ్చినప్పుడు హార్వర్డ్, ఎంఐటీలు కోర్టుకెక్కాయి, వారం తిరిగేసరికి మసాచుసెట్స్ నాయకత్వంలో 17 రాష్ట్రాలు, రాజధాని వాషింగ్టన్ డీసీ కేసు వేశాయి, మర్నాడే ప్రభుత్వం వెనక్కి తగ్గింది. కొత్త హెచ్-1బీ పిటిషన్లకు లక్ష డాలర్ల రుసుము పెట్టినప్పుడు 2025 డిసెంబర్‌లో 20 రాష్ట్రాల ఏజీలు వెళ్లారు, మా ఆసుపత్రులకు డాక్టర్లు, బడులకు టీచర్లు దొరకరన్నది వాళ్ల వాదన. 2025 జూన్‌లో సుప్రీంకోర్టు దేశమంతటికీ వర్తించే స్టేలు ఇచ్చే జడ్జిల అధికారాన్ని కుదించింది, ఆ తర్వాత రాష్ట్రాల కేసుల విలువ ఇంకా పెరిగింది. రాష్ట్రానికి జరిగే నష్టం పూర్తిగా ఆగాలంటే దేశమంతటా ఆపక తప్పదని జులైలో 9వ సర్క్యూట్ అప్పీలు కోర్టు వాషింగ్టన్ కేసులో ఒప్పుకుంది.

2026 నవంబర్‌లో 30 రాష్ట్రాల్లో ఏజీ ఎన్నికలున్నాయి. బ్యాలెట్ మీద గవర్నర్, సెనేటర్ పేర్ల కింద ఎక్కడో ఉంటుంది ఆ వరుస, పౌరసత్వం వచ్చి ఓటున్న మనవాళ్లు దయచేసి దాన్ని ఖాళీగా వదలొద్దు. వేసిన కేసులేమిటి, వచ్చిన డబ్బు ఎక్కడికి వెళ్లింది, ఎవరి విరాళాలు తీసుకున్నారు అన్నవి ఒక సాయంత్రం కూర్చుంటే తెలుస్తాయి. ఓటు లేనివాళ్లకూ ఈ ఆఫీసు పనికొస్తుంది. అద్దె అడ్వాన్సు తిరిగివ్వని ఇంటి యజమాని, ఉద్యోగం ఇప్పిస్తానని ముందే ఫీజు తీసుకుని ఫోన్ ఎత్తని కన్సల్టెన్సీ, ఇమిగ్రేషన్ ఆఫీసు నుంచి అంటూ బెదిరించి గిఫ్ట్ కార్డులు అడిగే ఫోన్‌కాల్, ఇలాంటివాటికి ఏజీ వెబ్‌సైట్‌లో వినియోగదారుల ఫిర్యాదు ఫారం ఉంటుంది. రుసుము లేదు, సాధారణంగా పౌరసత్వం అడగరు. ఒకే కంపెనీ మీద అలాంటి ఫిర్యాదులు కొన్ని వరుసగా వచ్చి చేరితే అక్కడి లాయరొకరు ఫైలు తెరుస్తారు.